కాలం నేతను నిలబెట్టే మాయా పరికరం ఎలా ఉండాలి? మగ్గం మీద కూర్చున్నవాడిగా నా సమాధానం

మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. మీ ఫాంటసీ నవలలో కాలాన్ని ఒక పెద్ద మగ్గం మీద ఎవరో నేస్తూ ఉంటారు. ఆ నేత ఎక్కడో సడలి, ఒక ఊళ్ళో ఒకే తెల్లవారుజాము మళ్ళీ మళ్ళీ వస్తోంది. మీ కథానాయికకు అమ్మమ్మ పెట్టెలో ‘కాలస్థిరీకరణ యంత్రం’ దొరుకుతుంది. అది నీలి వెలుగు చిమ్మే గోళం. తిప్పితే నేత సర్దుకుంటుంది. చదివిన స్నేహితులు ‘ఇది టీవీ రిమోట్‌లా ఉంది, నొక్కగానే కష్టాలన్నీ పోతున్నాయి’ అన్నారు. దాని రూపం ఎలా ఉండాలి, శక్తి ఎంత ఇవ్వాలి, చివర్లో అది ఎలా విఫలం కావాలి అని మీరు అడిగారు.

నేను చీరాల వైపు నేత ఇంట్లో పుట్టాను. పన్నెండో ఏట కండెలు చుట్టడంతో మొదలుపెట్టి ఇరవై రెండేళ్ళు మగ్గం గుంటలో కాళ్ళు పెట్టుకుని కూర్చున్నాను. ఆ తర్వాత కథలు రాయడంలోకి వచ్చాను. ఈ రెండూ కలిసిన ప్రశ్న నన్ను ఇంతవరకు ఎవరూ అడగలేదు. అందుకే కాస్త పొడుగ్గా రాస్తున్నాను.

మీ స్నేహితులు చెప్పింది నిజమే. అయితే లోపం గోళంలో లేదు. ‘నేతను నిలబెట్టడం’ అంటే ఏమిటో మీ కథ ఇంకా తేల్చుకోలేదు. మగ్గం మీద నేత చెడడానికి ఒక్కటే దారి ఉండదు. పోగులు వదులు కావచ్చు, తెగవచ్చు, వరస తప్పవచ్చు. బట్ట వెడల్పు లోపలికి లాక్కుపోవచ్చు. ఒక్కోదానికి ఒక్కో సాధనం ఉంది. వెడల్పు తగ్గకుండా రెండు అంచులనూ లాగి పట్టుకునే వెదురు బద్ద ఒకటి. పడుగును, అంటే మగ్గం మీద పొడవునా సాగే పోగులను, బిగువుగా ఉంచే తాడు ఒకటి. పోగుల వరసను కాపాడే రెండు సన్నని కర్రలు ఇంకొకటి. ఒక్క పరికరం ఇవన్నీ చేస్తే అది రిమోట్ అవుతుంది. ఒక్క పనే చేస్తే దానికి ప్రాణం వస్తుంది.

నన్నడిగితే ఆ రెండు కర్రలనే తీసుకోండి. వాటికి మా ఇంట్లో ఒక పేరు, నాలుగు ఊళ్ళు దాటితే ఇంకో పేరు. మీ నవల కోసం ‘జంటకోలలు’ అనుకుందాం. ‘కాలస్థిరీకరణ యంత్రం’ అని ఏ అమ్మమ్మా అనదు. ‘ఆ జంటకోలలు జాగ్రత్తమ్మా’ అంటుంది.

అవి ఏం చేస్తాయో చెప్తాను. పడుగు పోసేటప్పుడు ఒక పోగు మొదటి కర్ర మీదుగా వెళ్ళి రెండో కర్ర కిందుగా వస్తుంది. దాని పక్క పోగు మొదటి కర్ర కిందుగా వెళ్ళి రెండోదాని మీదుగా వస్తుంది. అలా చీర పన్నా అంతా. రెండు కర్రల మధ్య పోగులన్నీ కత్తెర వేసుకున్నట్టు ఉంటాయి. సన్న నూలు చీరకు సుమారు 4 వేల పోగులు ఉంటాయి. చూడడానికి అన్నీ ఒకటే. రంగు ఒకటే, మందం ఒకటే. 1,212వ పోగు ఏదో, 1,213వది ఏదో కంటికి తెలియదు. ఆ కత్తెరకు మాత్రమే తెలుసు. కర్రలు పోగులను పట్టి లాగవు, ఆపవు. పోగులు వాటి మీదుగా జారుతూ ముందుకు పోతూనే ఉంటాయి. ఎవరి తర్వాత ఎవరో అన్న జ్ఞాపకం ఒక్కటే వాటి దగ్గర ఉంటుంది.

కాలానికి కూడా అదే కదా కావాల్సింది. నిన్న తర్వాత నేడు, నేడు తర్వాత రేపు. మీ పరికరం కాలాన్ని ఆపకూడదు, వెనక్కి తిప్పకూడదు, తెగిన పోగును అతకకూడదు. వరసను గుర్తుంచుకోవాలి, అంతే. ఇంత చిన్న పని చాలదేమో అని మీకు అనిపించవచ్చు. అది లేకపోతే ఏమవుతుందో నాకు జరిగింది చెప్తాను.

నాకు అప్పుడు పద్నాలుగేళ్ళు. పొద్దున్నే వీధిలో పడుగు పరిచి గంజి పెట్టాం. ఆరుతోంది. నాన్న టీ తాగడానికి లోపలికి వెళ్ళారు. సముద్రం వైపు నుంచి ఒక్కసారిగా మబ్బు కమ్మి చినుకులు మొదలయ్యాయి. గంజి పెట్టిన పడుగు తడిస్తే పని పాడని నాకు తెలుసు. హడావిడిగా చుట్టబోయాను. చేతికి అడ్డం వస్తున్నాయని రెండు కర్రలూ లాగేశాను. తీసేముందు ఆ కత్తెర సందులో ఒక దారం దూర్చి ముడి వేయాలి. అప్పుడు కర్రలు లేకపోయినా వరస ఉంటుంది. ఆ దారం కట్టడం మర్చిపోయాను. నాన్న బయటికి వచ్చి, నా చేతిలో కర్రలు చూసి, వానలో అలాగే నిలబడిపోయారు. కొట్టలేదు, తిట్టలేదు. ఆ తర్వాత అమ్మ, మేనత్త మూడు రోజులు కిటికీ పక్కన కూర్చుని, గంజితో అంటుకున్న పోగులను ఒక్కొక్కటిగా విడదీసి, ఏది ఎక్కడిదో ఊహించి కర్రల మీదకు ఎక్కించారు. అయినా ఆ పడుగుతో నేసిన చీరల్లో పోగులు అడ్డదిడ్డంగా దాటుకున్న చోట్ల వరసగా తెగేవి. ఆ నెల మా ఇంట్లో డబ్బుకు ఎంత కటకటైందో నాకు ఇప్పటికీ గుర్తుంది.

మీ నవలలో కాలం వరస తప్పిన ఊరు ఎలా ఉంటుందో దీన్నుంచి ఊహించుకోండి. ఆకాశం చీలిపోనక్కర్లేదు. కూతురి పెళ్ళి జ్ఞాపకం ఉంటుంది, కూతురు ఇంకా పుట్టి ఉండదు. దీపం ఆరిన తర్వాత వెలిగించిన సంగతి గుర్తొస్తుంది. ఒకే రంగు పోగులు కాబట్టి ఎవరికీ తేడా వెంటనే తెలియదు. తెగడం మొదలయ్యాకే తెలుస్తుంది.

ఆ దారం ముడి కూడా మీకు పనికొస్తుంది. జంటకోలలు పోయినా, కథానాయిక దగ్గర కత్తెర సందులో దూర్చడానికి ఏదో ఒక దారం ఉంటే కొంతసేపు వరస నిలుస్తుంది. అది ఆమె జడ రిబ్బనే కావచ్చు, తాతయ్య మొలతాడే కావచ్చు. దారం మాత్రం కర్రలా పోగులను జారనివ్వదు. ముడి ఉన్నంతసేపూ నేత ముందుకు సాగదు. అంటే ఊళ్ళో ఎవరికీ వయసు పెరగదు, ఎవరి గాయమూ మానదు. ఎంతసేపు అలా ఉంచాలో ఆమె నిర్ణయించుకోవాలి. ఇక్కడ మీకు రెండు మూడు అధ్యాయాలు దొరుకుతాయి.

ఇప్పుడు మళ్ళీ మళ్ళీ వచ్చే తెల్లవారుజాము సంగతి. మీరు దీన్ని ‘నేత సడలడం’ అన్నారు. మగ్గం మీద చూస్తే ఇది సడలడం కాదు. నేసేకొద్దీ బట్ట అంచు మన నుంచి దూరంగా, పోగులను దగ్గరకు కొట్టే పళ్ళ చట్రం వైపుకు జరుగుతుంది. జానెడు నేశాక ఆగి, అటు పడుగు కాస్త వదిలి, ఇటు నేసిన బట్టను చుట్టుకోవాలి. చుట్టకపోతే పోగుల మధ్య సందు ఇరుకైపోయి, అడ్డపోగును, అంటే పేకను, మోసుకెళ్ళే నాడె దూరదు. అయినా మొండిగా కొడితే పేక మీద పేక పడి అక్కడ బట్ట దళసరిగా గడ్డకట్టినట్టు అవుతుంది. మీ ఊళ్ళో జరుగుతున్నది ఇదే అనుకోండి. నేత ఆగలేదు, పేక పడుతూనే ఉంది, బట్ట మాత్రం చుట్టుకోవడం లేదు. అందుకే అదే తెల్లవారుజాము మీద ఇంకో తెల్లవారుజాము పడుతోంది. ప్రతిసారీ ఆ ఉదయం కొంచెం బరువెక్కాలి. కోడి కూత కాస్త మందంగా వినిపించాలి, బావిలో తోడిన నీళ్ళు కిందటిసారి కంటే బరువుగా ఉండాలి. ముప్ఫయ్యోసారి వచ్చేసరికి తలుపు తెరవడానికి ఇద్దరు మనుషులు పట్టాలి. పాఠకుడికి ప్రమాదం పెరుగుతోందని ఒక్క మాట వివరణ లేకుండానే తెలుస్తుంది.

అయితే అక్కడ జంటకోలలు ఏమీ చేయలేవని గమనించండి. బట్ట చుట్టుకోకపోవడం నేసేవారి సమస్య. అంటే మీ కథానాయిక పరికరం తిప్పి ఊరుకుంటే సరిపోదు, ఎవరు నేస్తున్నారో, ఎందుకు ముందుకు జరపడం లేదో వెతుక్కుంటూ వెళ్ళాలి. మీ డ్రాఫ్టులో నేసేవాళ్ళే కనిపించలేదు నాకు. మగ్గం ఉంది, యంత్రం ఉంది, మనిషి లేరు.

మన సంప్రదాయంలో వాళ్ళు ఉన్నారు. మహాభారతం ఆదిపర్వంలో ఉదంకుడి కథ మీకు తెలిసే ఉంటుంది. తెలుగులో నన్నయ రాశాడు. గురుపత్ని కోసం తెస్తున్న కుండలాలను తక్షకుడు ఎత్తుకుపోతే ఉదంకుడు నాగలోకానికి వెళ్తాడు. అక్కడ ఇద్దరు స్త్రీలు తెల్లని, నల్లని దారాలతో బట్ట నేస్తూ కనిపిస్తారు. పన్నెండు ఆకుల చక్రాన్ని ఆరుగురు కుమారులు తిప్పుతుంటారు. తిరిగి వచ్చాక గురువు అర్థం చెప్తాడు. ఆ స్త్రీలు ధాత, విధాత. దారాలు పగలూ రాత్రీ. చక్రం సంవత్సరం, ఆకులు నెలలు, కుమారులు ఋతువులు. అథర్వవేదం 10వ కాండ 7వ సూక్తంలో ఇంకా పాతది ఉంది. వేర్వేరు రూపాల ఇద్దరు యువతులు ఆరు మేకుల మగ్గం మీద నేస్తారు. ఒకతె పోగులు చాస్తుంది, ఇంకొకతె అమరుస్తుంది. వాళ్ళు దారం తెంపరు, చివరికీ చేరరు. ఆ సూక్తం ఎవరి గురించో తెలుసా? స్కంభం గురించి. అన్నిటినీ మోసి నిలబెట్టే ఆధారం అని ఆ మాటకు అర్థం. నేత, దాన్ని నిలబెట్టేది, రెండూ ఒకే చోట ఉన్నాయి. మీ ఆలోచనకు ఇంత పాత పునాది ఉన్నప్పుడు గాజు గోళం దగ్గర ఆగిపోవద్దు.

గ్రీకుల కథల్లోనూ విధి దేవతలు ముగ్గురున్నారు. వాళ్ళు దారం వడికి, కొలిచి, కత్తిరిస్తారు. అక్కడ ఒక దారం ఒక మనిషి ఆయుష్షు. ఉదంకుడు చూసింది బట్ట, అందరికీ కలిపి ఒకటే కాలం. మీ డ్రాఫ్టులో ఈ రెండూ కలిసిపోయాయి. మూడో అధ్యాయంలో దారం తెగితే ఒక మనిషి చనిపోతాడు, ఏడో అధ్యాయంలో దారం తెగితే ఒక రోజు మాయమవుతుంది. ఏదో ఒకటి ఎంచుకోండి. నేను బట్టనే ఎంచుకుంటాను.

క్లైమాక్స్ ఎక్కడ పెట్టాలన్నదానికి నా దగ్గర గట్టి సమాధానం ఉంది. పడుగు మగ్గం మీద ఉండగా కర్ర జారినా ఫర్వాలేదు. కాళ్ళ కింది చెక్కలు తొక్కితే పోగులు మళ్ళీ విడతాయి, కర్ర మళ్ళీ దూర్చవచ్చు. అసలు భయం పాత పడుగు అయిపోయి కొత్త పడుగు అతికేటప్పుడు. పాత పడుగు కొసలను మగ్గం మీదే వదిలి, కొత్త పడుగును ఎదురుగా పెట్టి, వేళ్ళకు కాస్త బూడిద అద్దుకుని, పాత పోగుకు కొత్త పోగును మెలిపెడుతూ పోవాలి. 4 వేల సార్లు. పాత వైపు ఒక జత కర్రలు, కొత్త వైపు ఒక జత. ఏ పోగుకు ఏ పోగో అవే చెప్పాలి. ఆ సమయంలో బట్ట లేదు, నేత లేదు. రెండు వరసలు, మధ్యలో మనిషి వేళ్ళు. మా మేనత్త ఆ పనికి కూర్చుంటే పిల్లలం ఆ గదిలోకి వెళ్ళేవాళ్ళం కాదు.

ఇదే యుగసంధి. పురాణాల లెక్కలో ప్రతి యుగానికి ముందు సంధ్య, వెనక సంధ్యాంశ ఉంటాయి. కలియుగం 1,200 దివ్య సంవత్సరాలు. అందులో అసలు యుగం వెయ్యి, ముందూ వెనకా నూరేసి అతుకు. మనుషుల లెక్కలో మొత్తం 4,32,000 సంవత్సరాలైతే అతుకు ఒక్కొక్కటీ 36,000. మన పెద్దలు కాలాన్ని ముక్కలుగా కోసి పక్కపక్కన పెట్టలేదు, అతుకు కోసం చోటు వదిలారు. మీ కథ జరిగేది ఆ చోట్లోనే అనుకోండి. కథానాయిక వేళ్ళకు బూడిద అద్దుకుని కూర్చోవాలి. జంటకోలలు ఏ పోగో చూపిస్తాయి, మెలి మాత్రం ఆమే పెట్టాలి. అక్కడ ఒక పోగు తప్పితే తర్వాతి యుగమంతా ఆ తప్పు చారలా సాగుతుంది. ఆమె అన్నీ సరిగ్గా అతికేయడం నాకు ఇష్టం లేదు. ఒకటి తప్పనివ్వండి. ఏది తప్పిందో ఆమెకు తెలియాలి, విప్పడానికి సమయం ఉండకూడదు.

శక్తికి ధర ఏమిటని కూడా మీకు బెంగ ఉన్నట్టుంది. రక్తం, ఆయుష్షు లాంటివి రాశారు. మన పంచాంగంలో అంతకంటే మంచిది ఉంది. చాంద్రమానంలో సంవత్సరానికి సుమారు 354 రోజులు, సూర్యుడి లెక్కకు 365. ఏటా దాదాపు 11 రోజులు వెనకబడుతుంది. ఊరుకుంటే ఉగాది జారుకుంటూ పోయి వానల్లో పడుతుంది. అందుకని సుమారు 32, 33 నెలలకొకసారి ఒక అధికమాసం వస్తుంది. 2023లో అధిక శ్రావణం వచ్చింది, గుర్తుండే ఉంటుంది. వరలక్ష్మీ వ్రతం నిజ శ్రావణం దాకా ఆగాల్సి వచ్చింది. అది కాలానికి వేసిన అతుకు. దానికి ధర కూడా ఉంది. ఆ నెలలో పెళ్ళి చేయరు, గృహప్రవేశం చేయరు. కాలం ఉంటుంది, శుభకార్యానికి మాత్రం లెక్కకు రాదు. మీ కథానాయిక జంటకోలలు వాడిన ప్రతిసారీ ఆ ఊరికి అలాంటి లెక్కకు రాని రోజులు వస్తాయనుకోండి. ఆ రోజుల్లో ఇచ్చిన మాట నిలవదు, నాటిన విత్తు మొలవదు, చెప్పిన క్షమాపణ ఎదుటివాళ్ళకు చేరదు. వాళ్ళ అమ్మతో గొడవ సర్దుకోవాలని ఆమె నాలుగో అధ్యాయం నుంచి చూస్తోంది కదా. ఆ మాట చెప్పే ధైర్యం సరిగ్గా అలాంటి రోజునే వస్తే?

ప్రతినాయకుడి గురించి ఒక్క మాట. వాడు పోగులు కత్తిరించే కత్తెరతో తిరుగుతున్నాడు. కత్తెర అవసరం లేదు. పడుగును మరీ బిగిస్తే చాలు, సన్నగా ఉన్న చోట పోగులు వాటంతటవే తెగుతాయి. ఎండాకాలం పొడిగాలికి నూలు పెళుసెక్కి ఇంకా త్వరగా తెగుతుంది. గుంట మగ్గాన్ని నేలలోకి దింపుకోవడానికి ఒక కారణం అదే, మట్టి తేమ పోగుకు అందుతుందని. మళ్ళీ వానాకాలం గుంటలోకి నీళ్ళూరితే పని బంద్. కాలం చెక్కుచెదరకుండా ఉండాలని ప్రేమతోనే బిగించేవాడు కత్తెర పట్టినవాడి కంటే ఎక్కువ భయపెడతాడు. తెగిన ప్రతి పోగునూ చూసి, ఇంకా బిగించాలనే అనుకుంటాడు.

అమ్మమ్మకు భవిష్యత్తు తెలియడం గురించి: పోచంపల్లి, పుట్టపాక నేతలో పోగులకు నేయకముందే ముడులు కట్టి రంగులు అద్దుతారు. పువ్వు నేతలో పుట్టదు, పోగు మీద ముందే ఉంటుంది. పేకకు రంగు వేసిన చీరైతే, ప్రతి పేక వేశాక అంచు దగ్గర వేలితో కాస్త లాగి పువ్వు పువ్వుకు కలిసేలా సర్దుతారు. ఎంత సర్దినా అంచులు కొంచెం చెదిరినట్టే ఉంటాయి, ఆ నేతకు అందం అదే. అమ్మమ్మకు పోగు మీది రంగు కనిపిస్తుందనుకోండి. ఏ పువ్వు రాబోతోందో తెలుసు, ఎంత చెదురుతుందో తెలియదు. భవిష్యవాణికి ఇంతకంటే నిజాయితీగల హద్దు నాకు తోచలేదు.

చివరగా రూపం. వెలుగు తీసేయండి. చీర పన్నా కంటే కాస్త ఎక్కువ పొడవు, బొటనవేలి కంటే సన్నం, తరాల చేతులు రాసుకుని నున్నబడిన వెదురు. పోగులు జారి జారి గీతలు పడి ఉండాలి. దాన్ని ఎవరు చేశారు, ఎవరి కోసం చేశారు అన్నది రాయండి. ఆలేరు ప్రాంతానికి చెందిన చింతకింది మల్లేశం గారు తల్లి లక్ష్మి గారి భుజం నొప్పి చూడలేక ఆసు యంత్రం చేశారు. ఆసు పోయడమంటే అర్ధచంద్రాకారంలో ఉన్న మేకుల చుట్టూ దారాన్ని ఒక్క చీరకే వేల సార్లు చేత్తో తిప్పడం. ఏళ్ళ తరబడి కష్టపడి 1999లో దాన్ని పూర్తి చేసి తల్లి పేరే పెట్టుకున్నారు. 2017లో పద్మశ్రీ వచ్చింది. మీ జంటకోలలు కూడా అలా ఎవరిదో ఒక నొప్పి చూసి పుట్టి ఉండాలి. ‘పూర్వం ఒక మహర్షి సృష్టించాడు’ అన్న వాక్యం మీ డ్రాఫ్టులో ఉంది, దాన్ని మాత్రం తప్పకుండా మార్చండి.

రాసేముందు వీలైతే ఒక రోజు మగ్గం ఉన్న ఇంటికి వెళ్ళి కూర్చోండి. పడుగు అతికే రోజు ఎప్పుడో కనుక్కుని వెళ్తే ఇంకా మంచిది. అడిగితే అన్నీ చూపిస్తారు, నాడె కూడా చేతికిస్తారు. కర్రలను మాత్రం అడగకుండా ముట్టుకోకండి.